మార్కులు కాదు, గడువు అడగండి: రీవాల్యుయేషన్ ఆలస్యమైతే చట్టంలో ఉన్న దారులు

రిజల్ట్ వచ్చింది. అన్నీ పాసయ్యారు, ఒక్క సబ్జెక్టు పోయింది. ఆ పేపరు బాగానే రాశానన్న నమ్మకం మీది. రీవాల్యుయేషన్‌కు ఫీజు కట్టి రసీదు దాచుకున్నారు. వారం గడిచింది, నెల గడిచింది. కాలేజీ ఎగ్జామ్ సెక్షన్‌లో అడిగితే 'యూనివర్సిటీ నుంచి ఇంకా రాలేదప్పా' అంటారు. యూనివర్సిటీకి ఫోన్ చేస్తే 'మీ కాలేజీలో కనుక్కోండి' అంటారు. ఈలోగా సప్లిమెంటరీ ఫీజుకు చివరి తేదీ వచ్చేస్తుంది. ఇంటర్వ్యూలో సెలెక్ట్ చేసుకున్న కంపెనీ 'బ్యాక్‌లాగ్స్ క్లియర్ అయినట్టు సర్టిఫికెట్ పంపండి' అని మెయిల్ పెడుతుంది. ఐసెట్, పీజీఈసెట్ కౌన్సెలింగ్ తేదీలు ఎవరి కోసమూ ఆగవు.

కర్నూలు, కడప, నంద్యాల వైపు కాలేజీల్లో చదివేవాళ్లకు ఇది కొత్త కథ కాదు. మన దగ్గర చాలామందికి డిగ్రీ తర్వాత రెండే దార్లు: బెంగళూరు బస్సు, లేదంటే హైదరాబాద్ బస్సు. రెండింటికీ చేతిలో ప్రొవిజనల్ సర్టిఫికెట్ ఉండాలి. రీవాల్యుయేషన్ రెండు నెలలు ఆలస్యమైతే ఆఫీసు లెక్కలో అది ఒక పెండింగ్ ఫైలు. మీ లెక్కలో ఒక ఉద్యోగం, లేదా ఒక ఏడాది.

అందుకే ప్రతి సెమిస్టర్ తర్వాత వాట్సాప్ గ్రూపుల్లో ఒకే ప్రశ్న తిరుగుతుంటుంది: 'కోర్టుకు వెళ్లొచ్చా?' వెళ్లొచ్చు. అయితే ఏం అడుగుతున్నారన్న దాన్ని బట్టే గెలుపోటములు ఉంటాయి. 'నాకు మార్కులు పెంచండి' అని అడిగినవాళ్లు ఎక్కువగా ఖాళీ చేతులతో తిరిగొచ్చారు. 'నా దరఖాస్తు మీద ఫలానా తేదీలోగా నిర్ణయం చెప్పండి' అని అడిగేవాళ్లకు చట్టంలో గట్టి నేల ఉంది. ఈ రెండింటి తేడా తెలిస్తే డబ్బు, సమయం రెండూ మిగులుతాయి.

ముందు తేల్చుకోవాల్సింది: ఫైలు ఎవరి దగ్గర ఆగింది?

మన ప్రాంతంలో పరీక్షలు పెట్టేది ఒక్కరు కాదు. ఉమ్మడి అనంతపురం, కర్నూలు, కడప, చిత్తూరు జిల్లాల ఇంజినీరింగ్ కాలేజీలు ఎక్కువగా 2008లో ఏర్పడ్డ అనంతపురం జేఎన్‌టీయూ కింద ఉన్నాయి. డిగ్రీ కాలేజీలకు కడప వైపు 2006లో వచ్చిన యోగి వేమన విశ్వవిద్యాలయం, కర్నూలు వైపు 2008లో వచ్చిన రాయలసీమ విశ్వవిద్యాలయం ఉన్నాయి. ఇవి కాక అటానమస్ కాలేజీలు వేరు. కర్నూలు జి.పుల్లారెడ్డి, నంద్యాల ఆర్‌జీఎం, కడప కేఎస్ఆర్ఎం లాంటివి ఈ కోవలోవే. అటానమస్ కాలేజీలో పేపరు తయారీ నుంచి వాల్యుయేషన్, రీవాల్యుయేషన్ దాకా కాలేజీ ఎగ్జామ్ బ్రాంచే చూసుకుంటుంది. డిగ్రీ పట్టా మాత్రం యూనివర్సిటీ ఇస్తుంది.

ఈ చిన్న విషయం తెలియక చాలామంది వారాలు పోగొట్టుకుంటారు. మీది అటానమస్ అయితే మొదటి లెటరు ప్రిన్సిపాల్‌కు, కాలేజీ కంట్రోలర్ ఆఫ్ ఎగ్జామినేషన్స్‌కు వెళ్లాలి. మామూలు అఫిలియేటెడ్ కాలేజీ అయితే యూనివర్సిటీ పరీక్షల విభాగానికి, రిజిస్ట్రార్‌కు వెళ్లాలి. ప్రిన్సిపాల్‌కు కాపీ పెడితే చాలు.

ఆలస్యం ఎందుకవుతుందో కూడా ఒకసారి చూద్దాం. రీవాల్యుయేషన్ అంటే మీ జవాబు పత్రాన్ని కట్టలో నుంచి వెతికి తీయాలి, మొదట దిద్దినవారు కాకుండా వేరే ఎగ్జామినర్‌కు ఇవ్వాలి, వచ్చిన మార్కులను మళ్లీ ఎక్కించాలి. దిద్దేవాళ్లు కూడా మీకు పాఠాలు చెప్పే లెక్చరర్లే. ఒకవైపు క్లాసులు, ఇంకోవైపు తర్వాతి సెమిస్టర్ స్పాట్ వాల్యుయేషన్. యూనివర్సిటీల్లో ఖాళీ పోస్టులు ఉండనే ఉన్నాయి. ఇవన్నీ నిజమైన కారణాలే. కానీ ఫీజు కట్టించుకుని, నోటిఫికేషన్ ఇచ్చి, తేదీ మాత్రం చెప్పకపోవడానికి ఇవి సమాధానం కావు. మీకు దరఖాస్తుకు చివరి తేదీ ఉంటుంది, ఒక్క రోజు దాటినా తీసుకోరు. అవతలివైపు కూడా ఒక తేదీ ఉండాలని అడగడం అత్యాశేమీ కాదు.

మార్కుల విషయంలో కోర్టులు ఏమన్నాయి?

1984లో మహారాష్ట్ర సెకండరీ బోర్డు కేసులో (పరితోష్ భూపేశ్‌కుమార్ సేఠ్ కేసు) సుప్రీంకోర్టు ఒక మాట తేల్చింది. రూల్స్‌లో రీవాల్యుయేషన్ అనే సౌకర్యం లేకపోతే, అది కావాలని హక్కుగా అడగలేరు. 2004లో బిహార్ పబ్లిక్ సర్వీస్ కమిషన్ మీద వచ్చిన ప్రమోద్ కుమార్ శ్రీవాస్తవ కేసులోనూ అదే దారిలో వెళ్లింది. 2017 డిసెంబరులో రణ్ విజయ్ సింగ్ కేసులో ఇంకా స్పష్టంగా చెప్పింది: రూల్స్ అనుమతిస్తే అధికారులు రీవాల్యుయేషన్ చేయొచ్చు, కోర్టులు మాత్రం తామే పేపర్లు దిద్దే పనికి దిగకూడదు, విద్యార్థి మీద సానుభూతి ఉన్నంత మాత్రాన తీర్పు మారదు.

ఒక మినహాయింపు ఉంది. 1983లో కాన్పూర్ యూనివర్సిటీ కేసులో, ఆన్సర్ కీ తప్పని ఎవరు చూసినా తెలిసిపోయేలా ఉంటే కోర్టు జోక్యం చేసుకోవచ్చని సుప్రీంకోర్టు అంది. అది మల్టిపుల్ చాయిస్ పరీక్షలకు సరిపోతుంది. 'నా థర్మోడైనమిక్స్ జవాబుకు 6 కాదు, 9 వేయాలి' అనే వాదనకు సరిపోదు.

నియామక పరీక్షల్లో ఈ గొడవ ఎంత దూరం వెళ్తుందో మన రాష్ట్రంలోనే చూశాం. ఏపీపీఎస్సీ 2018 గ్రూప్-1 మెయిన్స్ పేపర్లను డిజిటల్‌గా దిద్దడం చెల్లదని, చేత్తో దిద్దించాలని 2021 అక్టోబరులో హైకోర్టు ఆదేశించింది. దిద్దించారు. ఆ దిద్దడం మీద మళ్లీ వివాదం. 2024 మార్చిలో సింగిల్ జడ్జి మెయిన్స్‌నే రద్దు చేశారు, ఆ వెంటనే డివిజన్ బెంచ్ స్టే ఇచ్చింది. 2018 నోటిఫికేషన్ కథ 2024లోనూ నడుస్తూనే ఉంది. వాల్యుయేషన్ సరిగ్గా జరిగిందా లేదా అనే పోరాటం ఇలా ఏళ్లు తింటుంది. ఆగస్టులో జాయినింగ్ ఉన్నవాళ్లకు ఆ దారి పనికిరాదు.

గడువు అడిగితే కథ వేరు

పైన చెప్పిన తీర్పులను ఇంకోసారి చూడండి. అన్నిట్లోనూ ఆధారం 'రూల్స్'. మీ యూనివర్సిటీ రూల్స్‌లో రీవాల్యుయేషన్ ఉంది. నోటిఫికేషన్ ఇచ్చారు, ఫీజు తీసుకున్నారు. ఇక దరఖాస్తు మీద నిర్ణయం తీసుకోవడం వాళ్ల దయ కాదు, వాళ్ల బాధ్యత. చేయాల్సిన పని చేయని ప్రభుత్వ సంస్థతో ఆ పని చేయించడానికే రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టుకు అధికారం ఉంది. దాన్నే మాండమస్ రిట్ అంటారు.

ఇలాంటి పిటిషన్లలో కోర్టు మార్కుల జోలికి పోదు. సాధారణంగా వచ్చే ఆదేశం 'ఈ విద్యార్థి దరఖాస్తును ఇన్ని వారాల్లోగా పరిశీలించి నిర్ణయం తెలపండి' అనే తరహాలో ఉంటుంది. చూడటానికి చిన్న ఆదేశమే. కానీ మీకు కావలసిందీ అదే. ఆ గడువు దాటినా కదలకపోతే కోర్టు ధిక్కార పిటిషన్ వేయొచ్చు. ఫలితంలో మళ్లీ ఫెయిల్ అని వచ్చినా సరే, ఏదో ఒకటి తేలుతుంది. సప్లిమెంటరీకి కూర్చోవాలా, ఊరు కదలాలా అన్నది మీ చేతుల్లోకి వస్తుంది.

అయితే మాండమస్ అడిగేవారిని కోర్టు మొదట అడిగేది ఒకటే: 'మీరు వాళ్లను రాతపూర్వకంగా అడిగారా? వాళ్లు ఏమన్నారు?' ఫోన్ చేశాం, కౌంటర్ దగ్గర నిలబడ్డాం అంటే లెక్కలోకి రాదు. కాగితం కావాలి. అందుకే కోర్టు కన్నా ముందు మూడు మెట్లు ఎక్కండి.

మొదటి మెట్టు: ఒక పేజీ లెటరు

ఇంగ్లిష్‌లోనైనా తెలుగులోనైనా పర్వాలేదు. కోపం వద్దు, కథ వద్దు. ఇంత ఉంటే చాలు:

'నేను ఫలానా హాల్‌టికెట్ నంబరు విద్యార్థిని. ఫలానా సబ్జెక్టు కోడ్‌కు ఫలానా తేదీన రీవాల్యుయేషన్ ఫీజు చెల్లించాను, రసీదు జతపరిచాను. నేటికి ఇన్ని రోజులైంది, ఫలితం రాలేదు. సప్లిమెంటరీ ఫీజుకు చివరి తేదీ ఇది, నా ఉద్యోగంలో చేరాల్సిన తేదీ ఇది. నా ఫలితాన్ని ఫలానా తేదీలోగా ప్రకటించాలని, వీలుకాకపోతే ఎప్పుడు ప్రకటిస్తారో రాతపూర్వకంగా తెలపాలని కోరుతున్నాను.'

చేతికి ఇస్తే మీ కాపీ మీద స్టాంపు, తేదీ, ఇన్‌వార్డు నంబరు వేయించుకోండి. వేయం అంటే గొడవ పడకండి, నేరుగా పోస్టాఫీసుకు వెళ్లి అక్నాలెడ్జ్‌మెంట్‌తో స్పీడ్ పోస్టు చేయండి. అదే లెటరును మీ సొంత మెయిల్ ఐడీ నుంచి అధికారిక మెయిల్‌కు పంపండి.

టెక్ మనిషిగా ఒక సలహా. యూనివర్సిటీ వెబ్‌సైట్‌లో నోటిఫికేషన్లు మారిపోతుంటాయి, లింకులు పనిచేయడం మానేస్తాయి. రిజల్ట్ పేజీ, రీవాల్యుయేషన్ నోటిఫికేషన్, ఫీజు చెల్లింపు పేజీ, అకడమిక్ క్యాలెండర్ నాలుగింటినీ చూసిన రోజే పీడీఎఫ్‌గా సేవ్ చేసుకోండి. వెబ్ అడ్రస్, తేదీ కనబడేలా ప్రింట్ తీయండి. క్రాప్ చేసిన స్క్రీన్‌షాట్ స్టేటస్‌లో పెట్టుకోవడానికి బాగుంటుంది, రుజువుగా బలహీనం.

రెండో మెట్టు: యూజీసీ ఇచ్చిన దారి

ఇది చాలామందికి తెలియదు. 2023 ఏప్రిల్‌లో యూజీసీ విద్యార్థుల ఫిర్యాదుల పరిష్కారానికి కొత్త నిబంధనలు తెచ్చింది. వాటి ప్రకారం ప్రతి సంస్థలో స్టూడెంట్స్ గ్రీవెన్స్ రెడ్రెసల్ కమిటీ ఉండాలి, ఫిర్యాదుకు ఆన్‌లైన్ పోర్టల్ ఉండాలి. 'ఫిర్యాదు' అంటే ఏమిటో చెప్పే జాబితాలో ఒక అంశం నేరుగా మనకు పనికొస్తుంది: అకడమిక్ క్యాలెండర్‌లో చెప్పిన షెడ్యూలు దాటి పరీక్షలు పెట్టడంలో గానీ, ఫలితాలు ప్రకటించడంలో గానీ ఆలస్యం.

పోర్టల్‌లో పెట్టిన ఫిర్యాదును సంస్థ 15 రోజుల్లోగా తన వ్యాఖ్యలతో కమిటీకి పంపాలి. కమిటీ వీలైనంతవరకు 15 పనిదినాల్లో నివేదిక ఇవ్వాలి, దాని కాపీ మీకు అందాలి. నచ్చకపోతే 15 రోజుల్లో అంబుడ్స్‌పర్సన్‌కు అప్పీలు చేయొచ్చు. రిటైర్డ్ వీసీని, రిటైర్డ్ ప్రొఫెసర్‌ను లేదా మాజీ జిల్లా జడ్జిని ఈ పదవిలో పెడతారు. అప్పీలు అందిన 30 రోజుల్లో పరిష్కరించేందుకు వారు ప్రయత్నించాలి.

ఇక్కడ కూడా అదే గీత ఉంది, గమనించండి. రీవాల్యుయేషన్ చేయించమనో, టోటల్ మళ్లీ కూడించమనో వచ్చే అప్పీళ్లను అంబుడ్స్‌పర్సన్ తీసుకోకూడదని నిబంధన చెబుతోంది. ఫలితాన్ని మార్చేసేంత నిర్దిష్టమైన అక్రమాన్నో, వివక్షనో చూపిస్తే తప్ప. కాబట్టి ఫిర్యాదు శీర్షికలోనే జాగ్రత్త పడండి. 'నా పేపరు సరిగా దిద్దలేదు' అని రాస్తే తలుపు మూసుకుంటుంది. 'ఫీజు చెల్లించిన దరఖాస్తుపై ఫలితం ప్రకటించడంలో ఆలస్యం' అని రాస్తే తెరిచి ఉంటుంది.

కాగితం మీద ఉన్న వ్యవస్థ అన్నిచోట్లా ఉందా అంటే, లేదు. అంబుడ్స్‌పర్సన్‌ను నియమించని 157 యూనివర్సిటీలను డిఫాల్టర్లుగా 2024 జూన్‌లో యూజీసీయే ప్రకటించింది. అందులో 108 ప్రభుత్వ యూనివర్సిటీలు. మీ యూనివర్సిటీ వెబ్‌సైట్‌లో అంబుడ్స్‌పర్సన్ పేరు, మెయిల్ ఉన్నాయో లేవో ఈరోజే చూడండి. లేకపోతే ఆ విషయాన్ని కూడా లెటరులో ఒక వాక్యంగా చేర్చండి. రేపు కోర్టులో 'ప్రత్యామ్నాయ మార్గం ఉంది కదా, అక్కడికి ఎందుకు వెళ్లలేదు?' అని అవతలి లాయరు అడిగితే అదే మీ జవాబు.

ఫైనల్ ఇయర్ వాళ్లకు ఇంకొకటి. విద్యార్థి అర్హత సాధించాల్సిన తేదీ నుంచి 180 రోజుల్లోగా డిగ్రీ ప్రదానం చేయాలని యూజీసీ 2008 నిబంధనలు చెబుతున్నాయి. ఆలస్యం వల్ల పట్టా ఆగినవాళ్లు దీన్ని ప్రస్తావించొచ్చు.

మూడో మెట్టు: 10 రూపాయల ఆర్టీఐ

2011 ఆగస్టులో సీబీఎస్ఈ వర్సెస్ ఆదిత్య బందోపాధ్యాయ్ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు విద్యార్థులకు పెద్ద ఆయుధం. దిద్దిన జవాబు పత్రం కూడా 'సమాచారమే', రాసినవారు దాన్ని చూడొచ్చు, కాపీ అడగొచ్చు అని చెప్పింది. దిద్దినవారి పేరు మాత్రం ఇవ్వరు. ఫీజు సంగతి 2019 ఏప్రిల్‌లో కంపెనీ సెక్రటరీల ఇన్‌స్టిట్యూట్ కేసులో తేలింది: సంస్థ సొంత పద్ధతిలో అడిగితే వాళ్ల ఫీజు, ఆర్టీఐ కింద అడిగితే ఆర్టీఐ ఫీజు. అయితే సివిల్స్ మార్కుల వివరాలను ఆర్టీఐ కింద యాంత్రికంగా ఇవ్వాల్సిన పనిలేదని 2018లో సుప్రీంకోర్టు ఒక కేసులో అంది. కాబట్టి ఎవరైనా కాదంటే, మీరు అడుగుతున్నది మీ సొంత సెమిస్టర్ పేపరని గుర్తుచేయండి.

ఆదిత్య తీర్పులోని ఒక మెలిక మరిచిపోవద్దు. జవాబు పత్రాన్ని సంస్థ దాచి ఉంచే కాలం వరకే ఈ హక్కు. తర్వాత పేపర్లను తీసేస్తారు. 'చూద్దాంలే' అని ఏడాది గడిపితే అడగడానికి పేపరే ఉండదు.

ఆర్టీఐలో 'ఎందుకు ఆలస్యం చేశారు?' అని అడగకండి. ఆ చట్టం కింద వచ్చేవి రికార్డులు, సంజాయిషీలు కావు. ఇలా అడగండి: ఈ పరీక్షకు ఎన్ని రీవాల్యుయేషన్ దరఖాస్తులు వచ్చాయి? నా పత్రాన్ని ఎగ్జామినర్‌కు ఏ తేదీన పంపారు, ఏ తేదీన తిరిగొచ్చింది? రీవాల్యుయేషన్‌కు గడువు చెప్పే రూలు లేదా సర్క్యులర్ కాపీ ఇవ్వండి. నా జవాబు పత్రం కాపీ ఇవ్వండి. పత్రాలను ఎంతకాలం భద్రపరుస్తారు?

30 రోజుల్లో జవాబు రావాలి. రాకపోతే ఆ తర్వాతి 30 రోజుల్లోగా అదే యూనివర్సిటీలోని అప్పీలు అధికారికి మొదటి అప్పీలు, అక్కడా తేలకపోతే 90 రోజుల్లోగా రాష్ట్ర సమాచార కమిషన్‌కు రెండో అప్పీలు. ఇది నెమ్మది దారే. కానీ చాలాసార్లు ఆర్టీఐ దరఖాస్తు చేరగానే ఫైలును ఎవరో ఒకరు బయటకు తీయాల్సి వస్తుంది.

హైకోర్టు: దూరం, ఖర్చు

మూడు మెట్లూ ఎక్కి, ముందు చివరి తేదీ కనబడుతుంటే, అప్పుడు రిట్. హైకోర్టు 2019 జనవరి 1 నుంచి అమరావతిలో ఉంది. కర్నూలు నుంచైనా కడప నుంచైనా రాత్రంతా బస్సు ప్రయాణం. కర్నూలులో హైకోర్టు బెంచ్ ఏర్పాటు చేయాలని 2024 నవంబరులో అసెంబ్లీ తీర్మానం చేసింది. సీమలో హైకోర్టు అనే మాట 1937 శ్రీబాగ్ ఒప్పందం నుంచీ వింటున్నాం. బెంచ్ వస్తే మనలాంటివాళ్లకు మొదట మిగిలేది బస్సు చార్జీ, ఒక రోజు క్లాసు.

ఒక ధైర్యం చెబుతాను. రిట్ పిటిషన్ వేయడానికి మీరు ప్రతి వాయిదాకూ వెళ్లక్కర్లేదు. అఫిడవిట్ మీద, వకాలత్ మీద సంతకాలు చేస్తే మిగతాది లాయరు చూసుకుంటారు. కోర్టు ఫీజు కన్నా లాయరు ఫీజే పెద్ద ఖర్చు. ఒకే పరీక్ష, ఒకే ఆలస్యం ఉన్న నలుగురైదుగురు కలిస్తే ఖర్చూ తగ్గుతుంది, 'వాడొక్కడే గొడవ చేస్తున్నాడు' అన్న మాటా ఉండదు. ఫైనల్ ఇయర్ గొడవలు ఎక్కువగా ఎండాకాలంలోనే వస్తాయి. కోర్టు సెలవుల్లోనూ అత్యవసర కేసులకు వెకేషన్ బెంచ్ ఉంటుంది.

డబ్బు లేదని ఆగిపోకండి. 1987 న్యాయసేవల చట్టం కింద అమ్మాయిలకు, ఎస్సీ, ఎస్టీ విద్యార్థులకు, దివ్యాంగులకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయసాయం ఉంది. మిగతావారికి ఆదాయ పరిమితి చూస్తారు. కర్నూలు, కడప జిల్లా కోర్టుల్లోని న్యాయసేవాధికార సంస్థలో అడగండి, లేదా 15100కు ఫోన్ చేయండి. హైకోర్టు కేసులకు అక్కడ ప్రత్యేక న్యాయసేవల కమిటీ ఉంది.

లాయరును కలిసినప్పుడు రెండు విషయాలు సూటిగా చెప్పండి. ఒకటి, 'మార్కుల గురించి వద్దు సార్, గడువు గురించి అడగండి.' రెండు, 'కౌన్సెలింగ్ ఫలానా తేదీన ఉంది, ఫలితం వచ్చేదాకా తాత్కాలికంగా అనుమతించమని మధ్యంతర ఉత్తర్వు అడగొచ్చా?' ఇది వస్తుందన్న గ్యారంటీ లేదు. అడగకపోతే అసలే రాదు.

వెళ్లి లాభం లేని చోట్లు

ఫీజు కట్టాం కాబట్టి కన్స్యూమర్ ఫోరానికి వెళ్దామని కొందరు అంటారు. పరీక్షలు నిర్వహించే బోర్డు 'సర్వీసు' అమ్మడం లేదు, పరీక్ష రాసేవారు వినియోగదారులు కారు అని 2009లో బిహార్ స్కూల్ ఎగ్జామినేషన్ బోర్డు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ దారిలో టైం వృథా.

లోకాయుక్త, మానవ హక్కుల కమిషన్ కార్యాలయాలు 2021లో హైదరాబాద్ నుంచి కర్నూలుకు వచ్చాయి. మనకు దగ్గరే. కానీ అవి ఫిర్యాదు విచారించి సిఫార్సు చేసే సంస్థలు. మీ రిజల్ట్‌ను వచ్చే వారం తెప్పించే యంత్రాంగం కాదు. సోమవారం కలెక్టరేట్‌లో అర్జీ ఇస్తే అది మళ్లీ యూనివర్సిటీకే వెళ్తుంది. ఇవ్వొద్దని అనను, దాని మీదే ఆశ పెట్టుకోకండి.

రెండు పాత అనుభవాలు

2017లో ముంబై యూనివర్సిటీ లక్షల పేపర్లను ఒక్కసారిగా ఆన్‌స్క్రీన్ వాల్యుయేషన్‌కు మార్చింది. ఫలితాలు నెలల తరబడి ఆగిపోయాయి, విద్యార్థులు బాంబే హైకోర్టుకు వెళ్లారు. చాన్స్‌లర్ హోదాలో అప్పటి గవర్నర్, మన తెలుగువారే, చెన్నమనేని విద్యాసాగర్‌రావు జులై 31 గడువు పెట్టారు. గడువు దాటిపోయింది. అక్టోబరులో వైస్ చాన్స్‌లర్‌ను పదవి నుంచి తొలగించారు. ఆలస్యానికి కూడా ఒకరు జవాబుదారీ అవుతారని చూపిన అరుదైన సందర్భమిది.

2019లో తెలంగాణ ఇంటర్ ఫలితాల గందరగోళం మీకు గుర్తుండే ఉంటుంది. హైకోర్టులో పిటిషన్ పడింది. ఫెయిలైన 3.8 లక్షల మంది పేపర్లను ప్రభుత్వం ఉచితంగా రీవెరిఫికేషన్ చేయించింది. తెలుగులో సున్నా వచ్చిన ఒక అమ్మాయికి 99 మార్కులు తేలాయి. మొత్తం మీద కొత్తగా పాసైనవాళ్లు 1,137 మంది, అంటే వెయ్యికి ముగ్గురు. ఈ అంకెను రెండువైపులా చదవాలి. మళ్లీ చూస్తే ఎక్కువమంది ఫలితం మారలేదు, కాబట్టి రీవాల్యుయేషన్ మీదే భారం వేసి సప్లిమెంటరీ మానేయడం ప్రమాదం. అదే సమయంలో ఆ 1,137 మంది తప్పేమీ లేకుండానే ఫెయిలయ్యారు. వాళ్లకు ఫలితం ఎంత త్వరగా వచ్చిందన్నదే ముఖ్యం.

ఆ రోజుల్లో పలువురు పిల్లలు ప్రాణాలు తీసుకున్నారు. వాళ్లలో ఎవరి మార్కులు మారేవో, ఎవరివి మారేవి కావో లెక్కలు వేయడంలో అర్థం లేదు. ఒక పేపరు ఫలితం కోసం ఎదురుచూపు మీ మీద భారంగా పడుతుంటే ఇంట్లోనో స్నేహితుడితోనో మాట్లాడండి. 14416 టెలీ మానస్ నంబరు రోజంతా పనిచేస్తుంది, తెలుగులో మాట్లాడొచ్చు, ఉచితం.

ఈలోగా మీరు చేయాల్సినవి

సప్లిమెంటరీ ఫీజు కట్టండి, చదవండి. కేసు గెలుస్తామన్న నమ్మకంతో పరీక్ష వదులుకోవద్దు. రీవాల్యుయేషన్‌లో పాసైతే ఆ ఫీజు సంగతి నోటిఫికేషన్‌లో ఏముందో చూసుకుని అడగొచ్చు.

కంపెనీ హెచ్‌ఆర్‌కు మీరే ముందు మెయిల్ పెట్టండి. ఒక ప్రైవేటు కంపెనీని 'ఈ అభ్యర్థి కోసం ఆఫర్ ఆపి ఉంచండి' అని ఆదేశించమంటే, హైకోర్టు రిట్‌లో అది మామూలుగా కుదరదు. కానీ 'రీవాల్యుయేషన్ ఫలితం పెండింగ్‌లో ఉంది' అని కంట్రోలర్ ఆఫీసు ఇచ్చిన ఒక లెటరు జతచేస్తే హెచ్‌ఆర్ దగ్గర మీ మాటకు బరువు వస్తుంది. యూనివర్సిటీని రిజల్ట్ అడిగినప్పుడే ఈ లెటరు కూడా అడగండి. దీన్ని కాదనడానికి వాళ్లకు పెద్దగా కారణం ఉండదు.

'లెటరు పెడితే ల్యాబ్‌లో, ఇంటర్నల్స్‌లో తేడా చేస్తారేమో' అన్న భయం మీలో చాలామందికి ఉంది, అది ఊరికే వచ్చిన భయం కాదు. అందుకే లెటరులో ఎవరినీ వేలెత్తి చూపొద్దు. తేదీలు రాయండి, రూలు రాయండి, మీకు కావలసిన తేదీ రాయండి. పదిమంది సంతకాలతో వెళ్లండి. మీ ఇంట్లో డిగ్రీ దాకా వచ్చిన మొదటి మనిషి మీరే అయితే, ఈ ఆఫీసుల భాష నేర్పేవాళ్లు ఇంట్లో ఉండరు. ఆ భాషలో సగం ఇన్‌వార్డు నంబర్లు, తేదీలే. ఈ వారం మొదటి లెటరు పెట్టండి, ఫోన్ క్యాలెండర్‌లో 15 రోజుల తర్వాత ఒక రిమైండర్ పెట్టుకోండి. రిమైండర్ మోగేసరికి రిజల్ట్ రాకపోతే, రెండో మెట్టు ఎక్కండి.